బీరువాలో దర్శకుడు

"ఆ బీరువా గడియ లోపల్నుంచి రాదురా. నీకు తెలుసు కదా," అంది తల్లి, కొడుకు ఇంకా బూట్లైనా విప్పకముందే.

"తెలుసమ్మా."

"గాలికి చిల్లులెన్ని పెట్టించావు?"

"ఆరు."

"ఆరేనా?"

కొడుకు నవ్వాడు. అతనికి నలభై ఆరేళ్లు వచ్చాయి, గడ్డం సగం నెరిసింది. అయినా ఆ నవ్వు వింటే తల్లి గుండె జారిపోతుంది. అతను అలా నవ్విన ప్రతిసారీ ఏదో ఒకటి విరిగింది. ఒకసారి నిచ్చెన, ఒకసారి ముంజేయి, ఒకసారి పక్కింటివాళ్ల గేటు.

మూతపడిన పిండిమిల్లులో అతని పన్నెండో దెయ్యం సినిమాకు ఆఖరి సీను తీస్తున్నారు. ఆ బీరువా తల్లిదే. పెళ్లయిన కొత్తలో కొన్నది. అద్దం పీకేసి వెల్లకిలా పడుకోబెడితే శవపేటిక అయింది. దాని మీద పోసే మట్టి కూడా టీ డికాషన్‌లో తడిపి ఆరబెట్టిన రంపపు పొట్టే. అతని సినిమాలన్నీ ఇలా ఇంటి సామానుతోనే గట్టెక్కాయి. శవం కూడా ఇంటిదే. పదకొండు సినిమాల్లోనూ తల్లే శవం. బయటివాళ్లను పెడితే కదులుతారు. ఆమె కదలదు. కదిలితే పిల్లాడి సినిమా పాడవుతుందేమోనన్న భయంతోనే ఆమె అంత బాగా చచ్చిపోయేది.

మొదటి సినిమా మూడు రోజులు ఆడింది. భయపడాల్సిన చోటల్లా జనం నవ్వారు. పదేళ్ల తర్వాత ఎవరో కాలేజీ పిల్లలు దాన్ని తవ్వి తీశారు. ఇప్పుడు నెలకో ఆదివారం ఒక చిన్న హాల్లో వేస్తారు. తెర మీద శవం కనపడగానే హాలంతా ఆమెలాగే కళ్లు మూసుకుని కొయ్యబారిపోతుంది. బయటికొచ్చాక 'శవం అత్తయ్య'తో ఫొటోలు దిగుతారు. పేరొచ్చింది సరే, వాడి ఉబ్బసం తగ్గిందా అని ఆమె గొడవ ఆమెది.

కిందటి నెల ఆమె మెట్ల మీద జారి తుంటికి దెబ్బ తగిలించుకుంది. గట్టి నేల మీద పడుకోవద్దన్నాడు డాక్టరు. "ఈసారికి నేను పడుకుంటాలే," అన్నాడు కొడుకు. ఊళ్లో దుమ్ము లేస్తేనే ఈల వేసే ఊపిరితిత్తులు, తన బదులు ఆ పొట్టు కింద! ఇన్‌హేలర్ జేబులో పెట్టుకోరా అంటే, శవం జేబు ఉబ్బెత్తుగా ఉంటే బాగోదని తిరిగి ఆమె చేతిలోనే పెట్టాడు.

కోడలు పార అందుకుంది. అన్ని సినిమాల్లోనూ హంతకురాలు ఆమే.

"మిమ్మల్ని పదకొండుసార్లు పాతిపెట్టాను అత్తయ్యా. మీకేమైనా అయిందా?"

"నాకు ఉబ్బసం లేదమ్మా."

"చేయి తిరిగిన పనిలెండి. పైగా మీ అబ్బాయి మీద కాస్త కసి కూడా ఉంది. సీను బాగా వస్తుంది."

మొదటి సినిమా నుంచీ వెంటే ఉన్న కెమెరామన్ పకపకా నవ్వాడు. అతన్ని అందరూ కళ్లజోడు అంటారు. తల్లి నవ్వలేదు.

కొడుకు షూటింగులో ఒకటే కట్టుబాటు. మొదటి సినిమాకు రీలు కొంచెమే ఉండేది. తల్లికి ముందు శవంగా పెట్టిన బయటివాడొకడు తొందరపడి లేచి, మంచినీళ్లు అడిగి, ఉన్నదాన్ని కాస్తా పాడుచేశాడు. అప్పట్నుంచి అతను 'కట్' అనేదాకా చచ్చినవాళ్లు కదలకూడదు, బతికున్నవాళ్లు నోరు మెదపకూడదు. ఆ మాట అనే హక్కు అతనొక్కడిదే.

"మొదలుపెట్టండి," అని అతను బీరువాలో పడుకున్నాడు. కోడలు తలుపు మూసి గడియ పెట్టింది. పారతో పొట్టు పోస్తూ పోయింది. కాసేపటికి తలుపు కనపడకుండా పోయింది. కథలో ఉన్నట్టే పార నేలకు ఆనించి, కిందికి చూస్తూ నిలబడిపోయింది. సీను అంతే.

కెమెరా తిరుగుతూనే ఉంది.

తల్లి లోలోపల అంకెలు లెక్కపెట్టింది. వంద దాటింది. చిల్లులు ఎటువైపు పెట్టించాడో అడగలేదని అప్పుడు గుర్తొచ్చింది. పైనైతే ఈపాటికి పొట్టుతో పూడిపోయి ఉంటాయి. రెండు వందలు దాటింది. కోడలు కళ్లజోడు వైపు చూస్తోంది, అతను బీరువా వైపు చూస్తున్నాడు. వీళ్లు ఎవరి కోసం ఆగారో తల్లికి తట్టింది. కట్ చెప్పాల్సినవాడు లోపలున్నాడు.

చేతికర్ర వదిలేసి, కుంటుకుంటూ కెమెరాకు అడ్డంగా నడిచింది. డాక్టరు వద్దన్న నేల మీదే కూలబడి రెండు చేతులా పొట్టు తోడింది. గడియ మొరాయించింది. దాన్ని కాస్త పైకెత్తి లాగాలి, ఆ కిటుకు ఆమెకే తెలుసు. తలుపు తెరుచుకుంది.

కొడుకు చేతులు ఛాతీ మీద పెట్టుకుని, కళ్లు మూసుకుని ఉన్నాడు. ముఖం తెల్లగా పాలిపోయి ఉంది. అది పౌడరో, మరొకటో.

"నాన్నా."

భుజం పట్టి కుదిపింది.

"ఒరేయ్, పలకరా. ఇదిగో మందు, నోరు తెరువు."

కోడలు పార పడేసి పరుగున వచ్చి అతని చెంప తట్టింది. చలనం లేదు. ఊపిరి ఆడుతోందేమోనని తల్లి అతని ఛాతీ మీద చేయి వేసింది. తన చేయి వణుకే తప్ప ఏమీ తెలియలేదు. పైన రేకుల మీద పావురం ఒకటి ఈ చివర నుంచి ఆ చివరకు నడిచింది.

పదకొండు సినిమాల్లో విన్నదే తప్ప ఏనాడూ తను అనని మాట ఆమె నోట వచ్చింది.

"కట్," అంది, సగం ఏడుపుతో.

అతని చేయి గాల్లోకి లేచి, ఇన్‌హేలర్ కోసం తడుముకుంది. రెండుసార్లు పీల్చాడు. ఛాతీలో ఈల మెల్లగా సన్నబడింది.

"ఇంతసేపా అమ్మా," అన్నాడు, కళ్లు ఇంకా తెరవకుండానే. "శవం అనకూడదు కదా, ఎవరో ఒకరు అంటారని చూస్తున్నా."