ఉదయం బిళ్ళ లేదు

చొక్కాలు కుట్టే ఆ కంపెనీలో మూడో లైనుకి ఒకటే బిళ్ళ. అరచేతిలో పట్టే చెక్కముక్క. తాడు కట్టి సూపర్‌వైజర్ బల్ల పక్కన మేకుకి తగిలించి ఉంటుంది. బాత్రూంకి వెళ్ళాలంటే ఆ బిళ్ళ తీసుకుని హాలు చివర కూర్చున్న వాచ్‌మన్‌కి ఇవ్వాలి. ఆయన తలుపు తీస్తాడు. బిళ్ళ తిరిగి మేకు మీదికి వచ్చేదాకా ఇంకొకరు లేవకూడదు.

మొదట్లో బిళ్ళ కోసం ఆడవాళ్ళు జుట్లు పట్టుకునేవారు. ఆ గొడవ మాన్పించింది కాలర్లు కుట్టే పెద్దావిడ. పొద్దున మిషన్లు వేయకముందే ఎవరి తర్వాత ఎవరో చెప్పేసేది. నెలసరి వచ్చినవాళ్ళు ముందు, షుగర్ ఉన్నవాళ్ళు ఆ తర్వాత, మిగతావాళ్ళు వయసు ప్రకారం. వంతు తప్పినవాళ్ళతో ఆ రోజంతా ఎవరూ మాట్లాడరు. ఇది కంపెనీ పెట్టిన రూలు కాదు, లైను పెట్టుకున్నది. ఆవిడ ఇంట్లో కూడా ఈ వంతుల సంగతి గొప్పగా చెప్పుకునేది.

ఆవిడ పక్క మిషన్ కోడలిది. కోడలికి ఐదో నెల. నిరుడు ఒక కడుపు ఆరో నెలలో పోయింది. ఈసారి ఆసుపత్రిలో డాక్టరమ్మ ముందే చెప్పింది.

"ఇన్‌ఫెక్షన్ మళ్ళీ మొదలైంది. మందు వాడు, నీళ్ళు బాగా తాగు, ఆపుకోకు. జ్వరం వచ్చిందంటే బిడ్డ నిలుస్తుందని నేను చెప్పలేను."

"ఆపుకోకుండా ఎలాగండీ, వంతు వచ్చేదాకా?" అంది కోడలు.

"ఏం వంతు?" అంది డాక్టరమ్మ.

ఆ సాయంత్రం ఇంట్లో మరిది కంపెనీకి అర్జీ రాయడానికి కాగితం, పెన్ను తీసుకుని కూర్చున్నాడు. అతను లా చదువుతున్నాడు. అన్న లారీ మీద ఊళ్ళు తిరుగుతుంటాడు కాబట్టి ఇంట్లో వదిన పక్షాన వాదించేది అతనే.

"ఇది కంపెనీ ఇచ్చే హక్కు కాదమ్మా. ఊపిరి పీల్చుకోవడం లాంటిది. మనిషితో పాటు పుట్టింది. ప్రభుత్వం లేకముందూ ఉంది, చట్టం రాకముందూ ఉంది," అన్నాడు రాసింది చదివి వినిపించి.

"బాగానే ఉంది. మరి చివర్న 'దయతో మంజూరు చేయగలరు' అని ఎందుకు పెట్టావు?" అంది తల్లి.

"అలా రాయకపోతే తీసుకోరు."

"పుట్టుకతో వచ్చినదాన్ని దయతో మంజూరు చేయమని అడుక్కోవడమా! నీ ఫీజు దండగరా నాయనా."

అతను నవ్వాడు. కాగితం మడిచి పక్కన పెట్టాడు. "సరే, అడక్కండి. అందరూ ఒకేసారి లేవండి. బిళ్ళ ముట్టుకోకుండా నడిచి వెళ్ళండి."

"మర్నాడు ఆ మిషన్ల మీద నువ్వొచ్చి కూర్చుంటావా? మా లైను సంగతి నాకు తెలుసు. అందరూ నా మాట వింటారు. వాళ్ళ వంతులు నా కోడలికి ఇప్పిస్తాను."

"ఇవ్వడానికి అదేమన్నా చీరా అమ్మా? నాది నీకిచ్చేసినా నాకు లేకుండా పోయేది కాదు అది."

"నీ తర్కం కోర్టులో చెప్పుకో. ఇక్కడ కడుపులో బిడ్డ ఉంది."

మర్నాడు ఆవిడ మిషన్ మిషన్‌కీ వెళ్ళి అడిగింది. ఎవరూ కాదనలేదు. బొత్తాలు కుట్టే ఆమె మాత్రం, "నాది ఇస్తాను గానీ అక్కా, మగపిల్లాడు పుడితే నా పేరు పెట్టాలి," అంది. లైనంతా నవ్వారు. అప్పటినుంచి ఆడవాళ్ళు ఇంటి దగ్గర నీళ్ళు తాగకుండా బయల్దేరేవారు. మధ్యాహ్నం భోజనాల బెల్లు దాకా బిళ్ళ కోడలిదే. ఆమె సీసాడు నీళ్ళు తాగేది, లేచి వెళ్ళి వచ్చేది, కుట్టేది. మూత్రంలో మంట తగ్గింది. రాత్రి నిద్ర పట్టిందని అత్తగారితో చెప్పింది. ఆ వారం అత్తగారు కొడుకుని పలకరించినప్పుడల్లా, "ఏమంటుంది నీ చట్టం?" అని అడిగేది.

సూపర్‌వైజర్‌ని వాళ్ళు గడియారం అంటారు. అతని పని బిళ్ళ ఎవరు తీశారో, ఎంతసేపటికి వచ్చారో రాయడం. వారం తిరిగేసరికి మేనేజర్ లైను దగ్గరికి వచ్చాడు. మిషన్లు ఆపించాడు.

"పొద్దుటిపూట ఈ లైనులో ఒక్క మనిషే లేస్తోంది. మిగతావాళ్ళెవరూ లేవడం లేదు. ఎవరికైనా ఏమైనా ఇబ్బంది అయిందా?"

ఎవరూ మాట్లాడలేదు. ఇబ్బంది అయిందంటే కోడలి సంగతి బయటపడుతుంది. కడుపుతో ఉన్నవాళ్ళని ఆ కంపెనీ ఉంచుకోదు. ఆమె వదులు జాకెట్టు మీద షాలు కప్పుకుని కుట్టేది.

"కాలేదు కదా. మంచిది. రేపటినుంచి ఉదయం బిళ్ళ ఉండదు. భోజనాల తర్వాతే. మిగతా లైన్లకి కూడా ఇదే పెడుతున్నాం. మీరే దారి చూపించారు," అన్నాడు. నిజంగానే మెచ్చుకున్నాడు.

అతను వెళ్ళాక ముందు నోరు తెరిచింది బొత్తాలు కుట్టే ఆమె.

"ధర్మానికి పోయి ఉన్నది ఊడగొట్టుకున్నాం. ఇప్పుడు ఏం చేద్దాం అక్కా? నువ్వే కదా పెద్ద వంతులదానివి."

"బిడ్డ కోసం అడిగాను."

"మాకూ బిడ్డలున్నారు. మాకూ కడుపులున్నాయి. రేపు నాలుగో లైనువాళ్ళు వచ్చి అడిగితే నీ మొహం చూపించనా, నా మొహం చూపించనా?"

ఇంటికి వెళ్ళేటప్పుడు అత్తాకోడళ్ళిద్దరితో ఎవరూ కలిసి నడవలేదు. కొడుకు విషయం విని ఏమీ అనలేదు. అంటే బాగుండునని ఆవిడకి అనిపించింది.

మర్నాడు మేకు ఖాళీగా ఉంది. కోడలు నీళ్ళు తాగకుండానే వచ్చింది. అయినా కాలర్ల రెండో కట్ట విప్పేసరికి ఆమె కాళ్ళు ముడుచుకుని మిషన్ మీదికి వంగిపోవడం అత్తగారు చూసింది. మిషన్ ఆపి గడియారం బల్ల దగ్గరికి వెళ్ళింది.

"బాబూ, నీకు దండం పెడతాను. దానికి ఒంట్లో బాగాలేదు. ఒక్కసారి పంపించు."

అతను చుట్టూ చూసి గొంతు తగ్గించాడు. "మేనేజర్ గారు ఓ గంటలో బయటికి వెళ్తారు. అప్పుడు మీ అమ్మాయిని ఒక్కదాన్నీ పంపిస్తా. ఎవరికీ చెప్పకు పెద్దమ్మా."

ఆవిడకి ప్రాణం లేచి వచ్చింది. కోడలి దగ్గరికి వచ్చి చెవిలో చెప్పింది. "ఒక్క గంట ఓర్చుకో తల్లీ."

"ఓర్చుకోలేను అత్తయ్యా."

"మంచివాడే. పంపిస్తానన్నాడు."

"ఇవాళ పంపిస్తాడు. రేపు?" కోడలు బల్ల పట్టుకుని లేచింది. "గంట ఆగమంటే నా ఒళ్ళు వినదు అత్తయ్యా."

ఆమె హాలు చివరికి నడిచింది. గడియారం కేకేశాడు. ఎవరూ మిషన్ ఆపలేదు, తలలు మాత్రం ఎత్తారు. వాచ్‌మన్ కుర్చీలోంచి లేచాడు.

"నేను అడ్డం రాను తల్లీ. కానీ తాళంచెవి పొద్దున్నే తీసేసుకున్నారు. నా దగ్గర లేదు."

తలుపుకి తాళంకప్ప వేలాడుతోంది. కోడలు తలుపుకి నుదురు ఆనించి నిలబడింది.

అత్తగారు ఇస్త్రీ బల్లల దగ్గరికి వెళ్ళింది. అక్కడి కుర్రవాడు ఇస్త్రీ చేస్తున్న చొక్కా మీద నుంచి పెట్టె లాక్కుంది. వైరు ఊడి నేల మీద ఈడ్చుకుంటూ వచ్చింది. రెండు చేతులా పెట్టె ఎత్తి కప్ప మీద కొట్టింది. వేడి మణికట్టుకి తగిలినా పెట్టె వదల్లేదు. కప్ప ఊడలేదు, తలుపు గొళ్ళెం ఊడింది. కోడలు లోపలికి వెళ్ళింది. ఆవిడ తలుపుకి వీపు ఆనించి నిలబడింది.

"ఏంటిది పెద్దమ్మా? నేను పంపిస్తానన్నానుగా!" గడియారం పరుగున వచ్చాడు. అతని గొంతులో కోపం కంటే భయం ఎక్కువ ఉంది. "ఇప్పుడు నేనేం చెప్పను?"

"గొళ్ళెం నేను పగలగొట్టానని చెప్పు."

"ఇద్దరూ కార్డులు గేటు దగ్గర ఇచ్చేసి వెళ్ళండి. ఇంక రావద్దు."

"వెళ్తాం. అది బయటికి రానీ."

చాలాసేపటికి కోడలు గోడ పట్టుకుని వచ్చింది. పళ్ళు కొట్టుకుంటున్నాయి. అత్తగారు నుదుటి మీద చెయ్యి వేసి చూసింది. కాలిపోతోంది.

"ఎప్పటినుంచి?"

"రాత్రి నుంచి. మీరు భయపడతారని చెప్పలేదు."

బొత్తాలు కుట్టే ఆమె మిషన్ వదిలి వచ్చింది. వాళ్ళిద్దరి మొహాలూ చూడకుండా పక్కనుంచి దూరి, గొళ్ళెం లేని తలుపు తోసుకుని లోపలికి వెళ్ళింది. ఆమె వెనక ఇంకొకామె వచ్చి నిలబడింది. మిగతా మిషన్లు నడుస్తూనే ఉన్నాయి.

అత్తగారు కోడలి నడుము చుట్టూ చెయ్యి వేసి మెట్లు దింపింది. గేటు దగ్గర కార్డులు ఇచ్చేశారు. ఎండలోకి వచ్చాక ఆగి అడిగింది.

"కదులుతోందా?"

కోడలు కడుపు మీద చెయ్యి పెట్టుకుని నిలబడింది. రోడ్డు మీద లారీలు పోతున్నాయి.

"తెలియడం లేదు అత్తయ్యా."

ఆసుపత్రి బస్సు అవతలి వైపు ఆగుతుంది. ఇద్దరూ రోడ్డు దాటారు.