అత్తగారి సంతకం

ఇనుప రాడ్డుతో టైరు మీద ఒక దెబ్బ వేసి ఆమె చెవి ఒగ్గింది. గాలి నిండుగా ఉంటే టైరు ఖంగుమంటుంది, తగ్గితే మూలుగుతుంది. వెనకవైపు లోపలి టైరు మూలిగింది. బస్సు కిందికి సగం దూరి, సుద్దముక్కతో దాని మీద ఇంటూ గుర్తు పెట్టి, నడుము పట్టుకుని లేచింది. చీర మీద తొడుక్కున్న ఖాకీ చొక్కా మోచేతుల దగ్గర నల్లగా అట్టకట్టి ఉంది.

"వదినా, ఆ పక్కదాన్ని కూడా వాయించెయ్. బయల్దేరాలి!" అని మెకానిక్ కేకేశాడు.

డిపోలో ఆమె అందరికీ వదినే. భర్త ఇక్కడ డ్రైవరుగా ఉన్నప్పుడు అందరికీ అన్న. ఒకనాడు దారిలో గుండె పట్టేస్తే, బస్సును రోడ్డు వారకు తీసి ఆపి, స్టీరింగు మీద తల వాల్చాడు. ప్రయాణికుల్లో ఒక్కరికీ గీత పడలేదు. కారుణ్య నియామకం కింద ఇంట్లో ఒకరికి ఉద్యోగం ఇస్తామన్నారు. భార్యకో తమ్ముడికో మీరే తేల్చుకోమన్నారు. ఖాళీగా తిరుగుతున్న మరిది తనకేననుకుని కొత్త బూట్లు కూడా కొనుక్కున్నాడు. అత్తగారు మాత్రం "కోడలికివ్వండి" అని సంతకం పెట్టేసింది. మర్నాడే మరిది వేరే ఊరు వెళ్ళిపోయాడు. మళ్ళీ గడప తొక్కలేదు.

అత్తగారు ఆ సంగతి ఎన్నడూ ఎత్తలేదు. ఆమె అడగలేదు. కంచం ముందు కూర్చున్నప్పుడల్లా మరిది నోటి దగ్గరి ముద్ద తాను లాక్కు తింటున్నట్టు మింగుడుపడేది కాదు.

కొన్నాళ్ళుగా అత్తగారు గోడ పట్టుకుంటే తప్ప లేవలేకపోతోంది. ఈ ఉదయం ఉన్నట్టుండి, "వాడేమైనా ఫోన్ చేశాడా?" అని అడిగింది. మధ్యాహ్నం, అరిగిపోయిన టైర్ల గుట్టకు ఆనుకుని ఆమె మరిదికి ఫోన్ చేసింది.

"ఒక్కసారి వచ్చి చూసిపో బాబూ. నిన్నే తలుచుకుంటోంది."

"ఏరికోరి ఉద్యోగమిప్పించుకున్న కోడలుందిగా వదినా. ఆవిణ్ణే చూసుకోమను."

ఫోన్ పెట్టేశాడు. ఆమె రాడ్డు అందుకుని మళ్ళీ బస్సుల వరుసలోకి నడిచింది.

ఇల్లు చేరేసరికి అత్తగారు గోడవైపు తిరిగి పడుకుని ఉంది. ఆమె చేతులైనా కడుక్కోకుండా మంచం పక్కన చతికిలబడింది.

"బాబు ఫోన్ చేశాడత్తయ్యా. ఆదివారం వస్తాడట."

అత్తగారు మెల్లగా ఇటు తిరిగింది. "నీకు అబద్ధం చెప్పడం ఎప్పుడొస్తుందే?"

ఆమె తల దించుకుంది. ఇన్నేళ్ళుగా నోటిదాకా వచ్చి ఆగిపోతున్న మాట బయటపడింది. "ఆ ఉద్యోగం బాబుకే ఇప్పించాల్సింది. నా వల్ల కన్నకొడుకు దూరమయ్యాడు మీకు."

"నీ మీద జాలితో పెట్టాననుకున్నావా సంతకం?" అత్తగారి పెదవులు నవ్వబోయినట్టు కదిలాయి. "వాడికిప్పిస్తే నువ్వు పుట్టింటికి పోయేదానివి. వాడి చేతి వంట నేను తినాలా?" కాసేపు ఊపిరి కూడదీసుకుంది. "నువ్విక్కడ తిరుగుతుంటే పెద్దాడు ఇంట్లోనే ఉన్నట్టుండేది. నా స్వార్థం నేను చూసుకున్నా. చిన్నాడి ఉసురు పోసుకున్నది నేను, నువ్వు కాదు. ఇకనైనా తిన్నగా అన్నం తిను."

"అలాగే అత్తయ్యా. మీరూ నాతో రెండు ముద్దలు తినండి."

అత్తగారి కళ్ళు ఆమె మీదే ఉన్నాయి. ఇన్నాళ్ళూ గదిలో వినబడుతూ ఉన్న ఆయాసం లేదు. "అత్తయ్యా" అని పిలిచింది. భుజం దాకా వంగి మళ్ళీ పిలిచింది. ఆ కళ్ళు మూయబోయి, తన వేళ్ళు చూసుకుని ఆగింది. ఆ ముఖానికి మరక అంటనివ్వాలనిపించలేదు. లేచి, గోడలు తడుముకుంటూ పెరట్లో కుళాయి దగ్గరికి వెళ్ళింది.

గ్రీజు వదలడానికని అత్తగారు ఎప్పుడు లేచి కోసిందో, సబ్బుబిళ్ళ పక్కన ఉప్పద్దిన నిమ్మచెక్క ఇంకా తడిగానే ఉంది.