ఓవెన్‌కు దమ్

మజీదా ఆపా సంచి నేనే సర్దాను. నాలుగు జతలు పెట్టమంటే రెండే పెట్టాను. బట్టలు తక్కువైతే మనిషి తొందరగా తిరిగొస్తుందని నా ఆశ. ఆమె సంచి ఎత్తి చూసింది.

“ఏంది శారదా, గింత తేలిగ్గున్నది? నన్ను బీదర్ పంపుతున్నవా, బాత్రూంకు పంపుతున్నవా?”

శాలిబండలో మా రెండిళ్లకూ మధ్య ఒకే గోడ. మోకాలి ఆపరేషన్ కోసం ఆపా బీదర్‌లో ఉన్న కూతురి దగ్గరికి పోతోంది. నాకేమో ఎవరు గడప దాటినా గుండె దడ. మా ఇంట్లో తిని వెళ్లినవాళ్లు తిరిగొస్తారని నా నమ్మకం. దానికి రుజువులేమీ లేవు. తినకుండా వెళ్లి, రానివాళ్లు మాత్రం ఉన్నారు.

అందుకే ఆ రోజు ఆమెకు మా ఇంట్లోనే భోజనం. మా మనవరాలు సోనీ తన కొత్త కరెంటు ఓవెన్‌లో, పైన ఎర్రగా కాలే రాడ్ కింద, జాలీ మీద మటన్ ముక్కలూ కొర్రమీను ముక్కలూ పేర్చింది. “నానమ్మా, చూసుకుంట ఉండు, జల్దీ అయితయి” అని ఆఫీసుకు వెళ్లిపోయింది.

నేను బడికి పోలేదు. దుకాణాల బోర్డులు చూసి చదవడం నేర్చుకున్నాను. అచ్చులో ఏది కనబడినా వదలను. ఓవెన్‌తో వచ్చిన కాగితం కూడబలుక్కుని చదివాను: “పై రాడ్ కాలునప్పుడు తలుపు ఓరగా తెరిచి ఉంచవలెను.”

ఆపా గుండె మీద చెయ్యి వేసుకుంది. “తెరుస్తరా? దమ్ పోతది కదనే! గోష్ కచ్చాగ ఉంటది.”

“కాగితంల రాసిండ్రు ఆపా.”

“రాసినోడు హైదరాబాదోడు కాదు. పిండి కలుపు.”

పయనమయ్యే మనిషితో వాదులాడకూడదు. గోధుమపిండి కలిపి ఇచ్చాను. బిర్యానీ గిన్నె మూతకు పెట్టినట్టే ఆమె ఓవెన్ తలుపు చుట్టూ పిండి పెట్టి ఒత్తింది. మిగిలింది పారెయ్యడమెందుకని అద్దానికి కూడా మెత్తింది. ఇద్దరం పురిటిగది బయట కూర్చున్నట్టు కూర్చున్నాం.

కాసేపటికి సందుల్లోంచి పొగ వచ్చింది.

“దమ్ పట్టింది” అంది ఆపా.

“అడుగంటిందేమో?”

“మంట పైనుంటే అడుగెట్ల అంటుతదే, పిచ్చిదానా?”



ఆటో తీసుకొచ్చిన ఆమె కొడుకు తాహిర్ గుమ్మంలోనే ముక్కు మూసుకున్నాడు. “అమ్మీ, బస్సు పోతది! ఏం కాలుతున్నది, వైరా?” అంటూ వచ్చి ప్లగ్గు పీకాడు. తలుపు లాగితే ఓవెన్ మొత్తం కదిలొచ్చింది. పిండి ఇటుకైపోయింది. ఆటో అతని స్క్రూడ్రైవర్ తెచ్చి, చెక్కి, చెక్కి తెరిచాడు.

పొగ పోయాక ముగ్గురం లోపలికి చూశాం.

“ఇందుల మటన్ బొగ్గేది, చేప బొగ్గేది అమ్మీ?” అన్నాడు తాహిర్.

ఆపా పకపకా నవ్వింది. నాకు మాత్రం ఏడుపొచ్చింది. “తినకుంట పోతున్నవ్ ఆపా.”

ఆమె నవ్వు ఆపింది. తలుపు అంచున ఎర్రగా కాలిన పిండి ముక్క ఒకటి విరిచి, ఊది, నోట్లో వేసుకుని కరకరా నమిలింది.

“ఉప్పెయ్యలే నువ్వు” అంది. “అయినా తిన్న. చూసినవా? ఇగ ఫికర్ చెయ్యకు. నెలకు వస్త.”

మోకాలు బాగానే కుదిరింది. ఫోన్లో నడక గురించి మస్తు గొప్పలు చెప్పేది. మజీదా ఆపా శాలిబండకు మళ్లీ రాలేదు. ఆ ఏడు డిసెంబరులో, బీదర్‌లోనే పోయింది.