అడగకుండా వేసిన సీలు

పొయ్యిలో రొట్టెలు ఇంకా కాలుతూనే ఉన్నాయి. సర్కారు మనుషులు చిన్నకోడలిని రెక్కపట్టి బయటికి లాగి, బేకరీకి తాళం వేసి, లక్క సీలు కొట్టారు.

“నేనేం తప్పు చేశానండీ? అదన్నా చెప్పి పొండి!” అంటూ ఆమె వాళ్ళ వెంటపడింది.

“లైసెన్సు రద్దయింది. తలుపుకి ఆర్డరు అంటించాం, చదువుకో,” అన్నాడు ఇన్‌స్పెక్టరు, జీపెక్కుతూ.

మాడు వాసన వీధంతా కమ్ముకుంది. ఎదురు బేకరీ గడపలో నిలబడి ఇదంతా చూసిన పెద్దకోడలికి, నిజం చెప్పాలంటే, ఏళ్ళనాటి కడుపుమంట చల్లారింది.

ఇద్దరూ తోడికోడళ్ళు. ఒకే అత్త దగ్గర పిండి పిసకడం నేర్చుకుని, వేరుపడ్డాక ఎదురెదురుగా బేకరీలు పెట్టుకున్నారు. చిన్నదాని రొట్టె దూదిలా పొంగేది. పెద్దదాని రొట్టెతో మేకులు కొట్టుకోవచ్చని వీధిలో నవ్వుకునేవాళ్ళు. తెల్లారేసరికి ఎదుటి గుమ్మం ముందు వరస కట్టే జనాన్ని చూసి ఆమె కళ్ళల్లో నిప్పులు పోసుకునేది. పోయిన వారం ఇన్‌స్పెక్టరు వచ్చి, “ఎదుటి బేకరీ మీద ఫిర్యాదు ఉంటే సంతకం పెట్టండి, మిగతాది నేను రాసుకుంటా,” అంటే తెల్లకాగితం మీద చకచకా పెట్టేసింది కూడా.

ఆ రోజు వరస ఆమె గుమ్మానికే వచ్చింది. మధ్యాహ్నానికి రొట్టెల రేకులన్నీ ఖాళీ. అయినా జనం ఆమె రొట్టె చేత్తో పట్టుకుని చిన్నదాని రొట్టె గురించే చెప్పుకున్నారు. మూతపడ్డా దానిదే పేరు! ఆమెకు ఒళ్ళు మండిపోయింది.

సాయంత్రం పిండిమిల్లు ముందు హమాలీలు, దుకాణాలవాళ్ళు గుమిగూడారు. ఒక కాలేజీ అమ్మాయి తలుపు మీది ఆర్డరుని రాసుకొచ్చి పైకి చదివింది. “‘కల్తీ జరిగినందున రద్దు.’ ఇంతే! ఏ రోజు, ఏ రొట్టె, ఎవరు పరీక్షించారు? ఏమీ లేదు. సంజాయిషీ నోటీసు లేదు. విచారణకు పిలవనేలేదు.”

“నిప్పు లేనిదే పొగ రాదు కదా!” అంది పెద్దకోడలు.

హమాలీల మేస్త్రి గయ్యిమన్నాడు. “నిప్పో పొగో ముందు ఆవిణ్ణి అడగాలా వద్దా? ఉరికంబం ఎక్కేవాణ్ణి కూడా నువ్వేమంటావని అడుగుతారమ్మా! ఆ బేకరీ ఉన్న మూల జాగా ఓ కాంట్రాక్టరుకి కావాలి. అందుకే అడక్కుండా నోరు నొక్కారు. ఇవాళ ఆ గుమ్మం, రేపు నీది.”

“అక్కా, నా పిండి సంగతి నీకు తెలీదా?” చిన్నకోడలు ఆమెనే సూటిగా అడిగింది. “నువ్వు చెప్పు. ఏం కల్తీ చేశాను?”

తెలుసు. ఆ రొట్టె దొంగచాటుగా తెప్పించుకుని, గుట్టు దొరుకుతుందేమోనని ఎన్నిసార్లు చీల్చి చూసిందో! చిన్నదాని పొగరులో, నోటి దురుసులో వంద వంకలు పెట్టగలదు. పిండిలో ఒక్కటీ పెట్టలేదు.

మర్నాడు నలభైమంది లైసెన్సుల ఆఫీసు గదిలోకి తోసుకెళ్ళారు. వాళ్ళల్లో పెద్దకోడలూ ఉంది. అధికారి ఒక కాగితం ఊపాడు. “ఇక మాటల్లేవు. ఫిర్యాదు ఇచ్చింది మీ వీధి మనిషే!”

పెద్దకోడలు జనాన్ని తోసుకుని ముందుకొచ్చింది.

“సంతకం నాది. రాత నాది కాదు. తెల్లకాగితం మీద పెట్టించుకున్నారు. అవును, కుళ్ళుకునే పెట్టాను! దాని రొట్టె పొంగుద్ది, నాది పొంగదు. నా కుళ్ళుని తీసుకుపోయి మీరు కల్తీ అని రాసుకున్నారు!”

చిన్నకోడలు ఆమెను కాల్చేసేలా చూసింది.

“అయితే తప్పుడు ఫిర్యాదుకి నీ లైసెన్సు కూడా రద్దు,” అంటూ అధికారి కలం తీశాడు.

చిన్నకోడలు చటుక్కున ఆ కాగితం మీద అరచెయ్యి వేసింది. “ఆగండి! ఈవిడ సంగతి ఇంటికెళ్ళాక నేను చూసుకుంటా. కానీ ఈవిడకీ నోటీసు ఇవ్వాలి, ఈవిడ మాటా వినాలి. వినకుండా ఒక్క అక్షరం రాయడానికి వీల్లేదు.”

ఆ మాటకు జనం హోరెత్తిపోయారు. తనకోసమే పలికిన మాట అయినా, అది చిన్నదాని నోట పలికినందుకు పెద్దకోడలికి అప్పుడు కూడా కొంచెం కుళ్ళు పుట్టింది.

నలభైమందీ నేలమీద బైఠాయించారు. పోలీసులు లాఠీలతో వచ్చి, “లేవండి, స్టేషనుకి పదండి!” అన్నారు.

“ఏ నేరానికి?” అంది చిన్నకోడలు.

“ఏ నేరానికి?” పెద్దకోడలు అంతకన్నా గట్టిగా అరిచింది. ఇక్కడ కూడా దానికన్నా వెనకబడడం ఆమెవల్ల కాదు.

నలభై గొంతులు ఆ ప్రశ్నను అందుకున్నాయి. జీపులోకి ఎక్కిస్తున్నంతసేపూ అందరూ అదే అడుగుతూ పోయారు.