కీలు దగ్గర చిల్లు

బురాస్‌లో ఎవరింటికైనా భోజనానికి వెళ్ళి, తిన్న ఆల్చిప్పని బోర్లించి దాని వీపు చూశారంటే ఆ ఇంటాయన్ని మొహం మీదే దొంగ అన్నట్టు. ఆల్చిప్పలు పెంచి బతికే ఆ ఊళ్ళో, నది కరకట్టకి అవతల ఉప్పునీళ్ళలో ఒక్కొక్కరికి ఒక్కో కౌలు మడి ఉంటుంది. ఒక మడిలో చిప్ప నల్లగా కొక్కెంలా వంకర తిరిగి ఉంటే, పక్క మడిలో గుండ్రంగా బూడిదరంగు చారలతో ఉంటుంది. మందలో తన గేదెని పోల్చుకున్నట్టు ఎవడి చిప్పని వాడు పోల్చుకుంటాడు. అందుకే మర్యాద తెలిసినవాడు లోపలున్నది తినేసి, చిప్పని వెల్లకిలానే పళ్ళెంలో వదిలి, మూతి తుడుచుకుని లేస్తాడు.

అలాంటి ఊళ్ళో, అందరూ బార్బా అని, అంటే పెద్దాయనా అని, పిలిచే ఫ్రానె వరసగా రెండేళ్ళు నికోలా పండగ నాడు తోంకా ఇంట్లో బల్ల ముందు కూర్చుని, ఆమె ప్రాణం పెట్టి చేసిన కూరిన ఆల్చిప్పలు పన్నెండు తిని, పన్నెండింటినీ తిరగేసి చూశాడు.

మొదటి ఏడు తోంకా మొగుడు యాకోవ్ పళ్ళు నూరుకుని ఊరుకున్నాడు. ఫ్రానె భార్య లూచె పోయి అప్పటికి నెల. పిల్లా జెల్లా లేని ఇంట్లో ఒంటరిగా మిగిలిన మనిషి, పోనీలే అనుకున్నాడు. రెండో ఏడు మొహం కందగడ్డ చేసుకుని బల్ల దగ్గర్నించి లేచిపోయాడు. మూడో ఏడు పండగ వారం ఉందనగానే ఖరాఖండిగా చెప్పేశాడు.

"ఈసారి కూడా ఆ ముసలాయన చిప్ప తిరగేశాడో, పండగని చూడను, బార్బా అని చూడను. టోపీ చేతికిచ్చి సాగనంపుతా."

"గుమ్మడికాయల దొంగంటే నువ్వెందుకు భుజాలు తడుముకోవడం?" అంది తోంకా.

వేళాకోళానికే అంది. యాకోవ్ మాత్రం నవ్వలేదు. ఏదో చెప్పబోయి, నోరు మూసుకుని, పడవ దగ్గరికి వెళ్ళిపోయాడు.

ఆ మూసుకున్న నోరే తోంకాకి నిద్ర పట్టనివ్వలేదు. అసలే ఆవిడకి తెలియని సంగతంటే పంటిలో ఇరుక్కున్న పీచు. ఫ్రానె ఊరికే అనుమానపడే మనిషి కాదు. ఆయన మడీ తమ మడీ పక్కపక్కనే. లూచె పోయిన ఏడు తుఫానుకి హద్దు గడకర్రలన్నీ కొట్టుకుపోతే, మళ్ళీ పాతింది యాకోవ్ ఒక్కడే. ఫ్రానె అప్పుడు పెళ్ళాం పోయిన దిగులుతో ఇల్లు కదల్లేదు. కర్రలు నాలుగు బారలు అవతలికి జరిగాయా? దొంగసొత్తుకి వెన్న రాసి, తన చేత్తోనే, సొత్తుగల ఆసామికే వడ్డించిందా? ఇది తేలకపోతే ఆ మొగుడితో ఇంకో ఏడు కాపురం చెయ్యడం తన వల్ల కాదనుకుంది.

పండగ పొద్దున యాకోవ్ చర్చికి వెళ్ళగానే ఫ్రానెకి కబురు పెట్టింది. "తినడానికి మధ్యాహ్నం దాకా ఆగక్కర్లేదు. కత్తి పట్టుకుని ఇప్పుడే రండి. మా ఆయన తెరిస్తే చిప్పలో సగం పెంకు ముక్కలే."

ఫ్రానె తన కత్తి గుడ్డలో చుట్టుకుని వచ్చాడు. వంటింట్లో బల్ల మీద పాత పేపర్లు పరిచి, రెండు సంచుల ఆల్చిప్పలు కుమ్మరించారు. మూలన కుర్చీలో తోంకా అత్తగారు దింకా నారింజపళ్ళు వలుస్తోంది. ఆవిడకి మోకాళ్ళు చర్చి దాకా రానంటాయి కానీ, నోరు ఎక్కడికైనా వెళ్తుంది.

"ఎప్పుడు తీసినవమ్మాయ్ ఇవి?" అన్నాడు ఫ్రానె.

"నిన్ననే బార్బా. చూడండి నోళ్ళెంత బిగించుకున్నాయో. మా అత్తకన్నా నయం."

"వింటూనే ఉన్నానే," అంది దింకా. "నా చెవుడు ఎడం చెవికే."

ఫ్రానె కత్తి మొనని రెండు చిప్పలూ కలిసే కీలులో దూర్చి, మణికట్టు ఒక్కసారి తిప్పితే చిప్ప టక్కున విడిపోతోంది. పైమూత పారేసి, కింద అంటుకున్న నరం కోసి, కండని ఒక గిన్నెలోకీ రసాన్ని ఇంకో గిన్నెలోకీ వంచుతున్నాడు. తోంకా ఇనప మూకుడులో వెన్న కరిగించి, ఉల్లికాడలూ సెలెరీ వెల్లుల్లీ సన్నగా తరిగి పోసింది. చిన్న మంట మీద అవి మెత్తబడుతుంటే, మొన్నటి రొట్టెని తుంచి ఆల్చిప్పల రసంలో నానబెట్టింది. చూపు మాత్రం ఫ్రానె చేతుల మీదే ఉంది.

ముసలాయన ఖాళీ చిప్పని పక్కన పెట్టేముందు ప్రతిసారీ బొటనవేలితో ఒక చోట తడుముతున్నాడు. వీపంతా కాదు. కీలు దగ్గర, అక్కడొక్కచోటే.

"ఇప్పుడు లూచె చిప్పలుండాలి," అంది దింకా ఉన్నట్టుండి. "ఏవంటావ్ ఫ్రానె? ఇరవై నాలుగూ ఒక్క అచ్చులో పోసినట్టుండేవి. ఎంత కూరినా పట్టేంత లోతు. కడిగి, ఉడకబెట్టి, తీగకి గుచ్చి కిటికీకి వేలాడదీసేది. 'ఇద్దరున్న ఇంటికి ఇరవై నాలుగెందుకే, సగం నాకియ్యి' అంటే, 'వచ్చేవాళ్ళు వస్తార్లే అక్కా' అనేది."

ఫ్రానె కత్తి ఆగిపోయింది.

"దీనికి పదును పోయింది," అని లేచి, మెట్ల మీద కూర్చుని, చాలాసేపు రాయి మీద నూరాడు. కత్తికి పదును పోలేదని తోంకాకి తెలుసు. అంతకు నిమిషం ముందే చిప్పని వెన్నలా విప్పింది అది.

మూకుడు దించి, నానిన రొట్టెని చేత్తో పిండి అందులో వేసింది. ఆల్చిప్పల్లో మూడో వంతు తరిగి, పార్స్లీ ఆకూ, ఉప్పులో ఊరిన పందిమాంసం పిసరూ, మిరియాలూ కలిపింది. పిడికిలి పట్టి వదిలితే ముద్ద నిలవాలి, వేలితో తాకితే విడిపోవాలి. ట్రేలో కల్లుప్పు గుప్పిళ్ళతో పోసి చదును చేసింది. ఉప్పు పరుపు లేకపోతే చిప్ప ఒరుగుతుంది. చిప్ప ఒరిగితే రసం కారిపోతుంది. రసం లేని ఆల్చిప్ప పెట్టినందుకు కోడలు ఈ వాడలో పదేళ్ళు మాట పడుతుంది.

"బార్బా, అటక మీద, కూరడానికి దాచుకున్న నా చిప్పల డబ్బా దించి కుమ్మరిస్తారా? లోతైనవి ఏరి పెట్టండి," అని వెనక్కి తిరిగి, పొయ్యి వైపు మొహం పెట్టింది. గోడకి తగిలించిన కొత్త గిన్నె మూతలో బల్లంతా అద్దంలోలా కనిపిస్తోంది. ఆ సంగతి ముందే చూసుకుంది.

నలభై చిప్పలు బల్ల మీద పడ్డాయి. ఫ్రానె ఒక్కొక్కటే తీసి తిరగేస్తున్నాడు. బొటనవేలు కీలు దగ్గరికి పోతోంది, ఆగుతోంది, చిప్ప పక్కకి పోతోంది. మూతలో అంతకన్నా వింత కనిపించింది. ఆయన కళ్ళు మూసుకుని ఉన్నాడు. తన మడి చిప్పని వెతికేవాడు కళ్ళు మూసుకుంటాడా? చార చూడాలి, వంపు చూడాలి. ఇదేం సోదా?

ఇంక ఆగలేకపోయింది. ఏరిన ఇరవై నాలుగు చిప్పల్లో ఒక్కో ఆల్చిప్ప వేసి, పైన ముద్ద కూరి, రొట్టెపొడి చల్లి, వెన్న బొట్టు పెట్టి, ట్రేని ఓవెన్ పైమంట కిందికి తోసి, చేతులు తుడుచుకుంటూ ఎదురుగా వచ్చి కూర్చుంది.

"బార్బా, సూటిగా అడుగుతా, సూటిగా చెప్పండి. మా ఆయన మీ మడిలో చెయ్యి పెట్టాడా?"

"ఎవరు, యాకోవా? ఛఛ! ఎవరే ఆ మాటన్నది?"

"మీరే! రెండేళ్ళుగా నా బల్ల మీద తిరగేసి తిరగేసి మరీ అంటున్నారుగా!"

ఫ్రానె తల దించుకున్నాడు. "తప్పేనమ్మాయ్. తెలుసు. చెయ్యి ఆగలేదు."

"మరి దేనికోసం వెతుకు..."

మాట పూర్తి కాకుండానే వెనక తలుపు తోసుకుని చర్చి కోటుతో యాకోవ్ వచ్చాడు. బల్లనీ, బోర్లా పడున్న చిప్పల్నీ, వాటి మధ్య ఫ్రానెనీ చూశాడు.

"బావుంది! బల్ల వేసేదాకా కూడా ఆగలేకపోయారా బార్బా? వంటింట్లోనే సోదా పెట్టారు!"

"యాకోవ్, ఆగు..."

"నువ్వాగవే! రెండేళ్ళు నోరు కుట్టుకున్నా. ఎవరు ఎవర్ని దొంగంటున్నారు ఇక్కడ? లూచె పిన్ని పోయిన వారానికి, పొగమంచు కమ్మిన పొద్దున, నా మడి నడిమధ్య ఎవరి పడవుందో అడుగు! ఇంజను ఆపేసి, దీపం ఆర్పేసి! ఈ కళ్ళతో చూశా. దుఃఖంలో ఉన్న మనిషి కదాని నీక్కూడా చెప్పలేదు."

అయితే వారం కిందట మూసుకున్న నోటి వెనక ఉన్నది ఇదీ. తోంకాకి నవ్వూ ఏడుపూ ఒక్కసారే వచ్చాయి. మొగుణ్ణి దొంగని చేసి తను వారం రోజులు కుమిలిపోతే, ఈ మానవుడు ఇంకొకరి దొంగతనాన్ని కడుపులో దాచుకుని తిరుగుతున్నాడు.

దొంగ అనిపించుకున్న ఫ్రానె మాత్రం కోపం తెచ్చుకోలేదు. లేచి నిలబడ్డాడు. మొహం విప్పారింది.

"నీ మడేనా? ఖాయంగా నీ మడేనా అబ్బాయ్? ఏ మూల? సరిగ్గా చెప్పు!"

యాకోవ్ తిట్టబోయినవాడు తెల్లబోయాడు. "ఏవిటి, మీకు తెలీదా?"

"గడకర్రల్లేవు. ముక్కు ముందు మంచు. నేనెక్కడున్నానో నాకేం తెలుసు? ఒరేయ్, తియ్యడానికి రాలేదురా నేను. పొయ్యడానికొచ్చా." ఫ్రానె మళ్ళీ కూలబడ్డాడు. "లూచెని మట్టిలో పెట్టి మూడోరోజు. ఈ దింకా వచ్చి, ఆ చిప్పల దండ నాకిస్తావా అంది."

"అన్నా," అంది దింకా. నారింజపండు పక్కన పెట్టేసింది. "నా నోరు పడిపోను, అన్నాను."

"నీ తప్పు కాదులే. గాలి వీస్తే కిటికీ దగ్గర ఆ చిప్పలు గలగలమనేవి. వంటింట్లో తిరుగుతున్నట్టే ఉండేది. నీకివ్వలేను, ఉంచుకోలేను. ఒళ్ళు మండింది. తీగ తెంపేసి, ఆల్చిప్ప పిల్లలు అంటుకుని పెరగాలని మడిలో చల్లడానికి పడవలో పోసిన ఖాళీ చిప్పల కుప్పలో కలిపేసి, పారతో మొత్తం నీళ్ళలో చల్లేశా. ఇంటికొచ్చి కూర్చున్నా. గాలొచ్చింది. కిటికీ చప్పుడు చెయ్యలేదు." కత్తి తుడిచి గుడ్డలో చుట్టాడు. "అప్పట్నించీ వెతుకుతున్నా. నా మడంతా ఇనప వలతో దువ్వేశా. ఒక్కటి రాలేదు. నీ వైపు పడ్డాయేమోనని అనుమానం. నీ మడిలోకి పడవ తోశానని ఏ మొహంతో చెప్పను? ఈ ఇంట్లో వడ్డించినవే చూసుకునేవాణ్ణి."

"వేల చిప్పల్లో ఎలా పోల్చుకుంటారు బార్బా?" అంది తోంకా మెల్లిగా.

"కీలు దగ్గర చిల్లుంటుంది. తీగ గుచ్చడానికి మేకుతో తనే కొట్టుకుంది."

యాకోవ్ కోటు గుండీ విప్పుతున్న చెయ్యి అలాగే ఉండిపోయింది.

"చిల్లు... కీలు దగ్గరా?"

"ఆఁ."

"పోయిన మార్చిలో వచ్చింది నా వల్లో. పాత చిప్ప. చిప్ప తొలిచి లోపలిది తినే నత్త పని అనుకున్నా. మెత్తటి చోటంతా వదిలేసి, చిప్ప మొత్తానికీ మందమైన చోట పట్టుబట్టి తొలిచింది, ఇదెక్కడి బుద్ధిలేని నత్తరా బాబూ అని నవ్వుకున్నా కూడా."

"ఏం చేశావ్ దాన్ని?"

"నీళ్ళలోకే విసిరేశా బార్బా. దాని మీద ఆల్చిప్ప పిల్లలు పట్టున్నాయి. బొటనవేలంత ఉన్నాయి, బతుకుతాయి కదాని. చోటు తెలుసు నాకు, మునిగిన బార్జి పడవ పక్కన. రేపు తెల్లారేసరికి పోదాం పదండి. మడంతా గాలించైనా సరే తీసిస్తా."

ఓవెన్ నుంచి మాడు వాసన గుప్పుమంది. తోంకా "అయ్యో" అని పరుగెత్తి ట్రే బయటికి లాగింది. రొట్టెపొడి అంచుల్లో నల్లబడింది. కింద మాత్రం ఆల్చిప్పలు అంచులు ముడుచుకుని, వెన్నలో కుతకుతలాడుతున్నాయి. ఉప్పు చిటపటమంటోంది.

"పిల్లలున్నాయన్నావా?" అన్నాడు ఫ్రానె.

"మూడు."

"అయితే తియ్యొద్దు. అక్కడే ఉండనీ."

అందరూ వంటింట్లోనే కూర్చుని మాడిన పండగ వంట తిన్నారు. యాకోవ్ నారింజ సారా పోసి, మొదటి గ్లాసు ఫ్రానెకే అందించాడు. ఫ్రానె పన్నెండు తిన్నాడు. పన్నెండు చిప్పల్నీ వెల్లకిలానే పళ్ళెంలో వదిలి, మూతి తుడుచుకున్నాడు.

"ఇందాక ఏదో తియ్యొద్దన్నావే, ఏవిటది?" అంది దింకా. "నాకు సరిగ్గా వినపడలేదు."

ఫ్రానె కుర్చీ జరుపుకుని, ఆవిడ కుడి చెవి దగ్గరగా వంగాడు.

"లూచెకి పిల్లలు, దింకా," అన్నాడు. "ముగ్గురు."