నీకెలా తెలుసు

ఎమ్లైన్‌కి పుల్లల పటం కంఠతా వచ్చు. కొబ్బరి ఈనెలు వంచి కట్టిన ఆ పటంలో ఏ ఈనె ఏ అలో, ఏ గవ్వ ఏ ద్వీపమో, ఏ రెండు అలలు ఎక్కడ ఢీకొని నీళ్లు ముడిపడతాయో కళ్లు మూసుకుని ఇసుకలో గీసి చూపించగలదు. మజురో ద్వీపంలో బడిలో లెక్కలు చెప్పే పంతులమ్మ కదా, ఒక్కసారి చూసిందంటే మర్చిపోదు. ఊరంతా ముచ్చటపడ్డారు గాని, ఆ విద్య నేర్పిన మేనమామ ఇసావో మాత్రం ముచ్చటపడలేదు.

ఆయనది ఒకటే మాట. "నీకెలా తెలుసు?"

రెండేళ్లుగా అదే పాట. కళ్లకు గంతలు కట్టుకుని నీళ్లలో వెల్లకిలా తేలుతూ "తూర్పు అల వచ్చింది మామయ్యా" అంటే, "నీకెలా తెలుసు?"

"నడుముకి తగిలింది."

"తగిలిందా? తగలాలని నువ్వే అనుకున్నావా?"

తప్పు చెప్పినప్పుడు అడిగితే సరే. ఒప్పు చెప్పినా అదే ప్రశ్న. ఎమ్లైన్‌కి ఒళ్లు మండిపోయేది. ఒకరోజు నిలదీసింది.

"సరిగ్గానే చెప్పాను కదా, ఇంకా ఎందుకు అడుగుతారు?"

"సరిగ్గానే చెప్పావు. ఎందుకు సరైందో మాత్రం నీకు తెలీదు. రేపు తప్పు చెప్పినా ఇంతే ధీమాగా చెబుతావు" అన్నాడాయన, కొబ్బరి చెక్క గీక్కుంటూ.

నన్నడిగితే ముసలాయన అప్పుడప్పుడైనా ఓ మంచి మాట అనాల్సింది. ఆ పిల్ల ఎన్ని సాయంత్రాలు ఏడుపు దిగమింగుకుని ఇంటికెళ్లిందో ఆయనకేం తెలుసు?

చివరికి తాబేటి చిప్ప పగలగొట్టే రోజు వచ్చింది. దారి పట్టే విద్య అబ్బిందో లేదో తేల్చే పరీక్షకు మా వాళ్లు పెట్టుకున్న పేరది. మజురో నుంచి ఉత్తరాన ఔర్ ద్వీపం దాకా, పొద్దు కుంకేలోగా పడవను ఎమ్లైనే నడిపించాలి. దిక్సూచి ఉండదు. పుల్లల పటం కూడా ఒడ్డునే వదలాలి, దాన్ని సముద్రం మీదికి తీసుకెళ్లే ఆచారం లేదు. ఫోను ఒకటి మూటగట్టి పెడతారు గాని, మూట విప్పితే పరీక్ష పోయినట్టే. ఇసావో పడవలోనే ఉంటాడు, నోరు మాత్రం విప్పకూడదు. ఔర్ చేరితే ద్వీపాల పెద్దకి ఆయన ఆ మాట చెబుతాడు, విద్య ఆమెకి దక్కుతుంది. చేరకపోతే ఆయనతోనే సరి. ఆయనకి డెబ్బై రెండేళ్లు, చక్కెర జబ్బుతో అరికాళ్లు మొద్దుబారిపోయాయి. మళ్లీ మొదటినుంచి నేర్పే ఓపిక లేదు. ఆ ఇంట్లో ఇంకెవరికీ ఆ విద్య రాదు.

తెల్లవారకముందే బయల్దేరారు. తెరచాప తాడు పట్టింది ఆమె పిన్ని కొడుకు బిలిమోన్, మోటారు పడవలు బాగుచేసే మనిషి.

"అక్కా, దారి తప్పితే ముందే చెప్పు. నాకింకా పెళ్లి కాలేదు" అన్నాడు.

"దారి తప్పకపోయినా నీకు పిల్లనిచ్చేవాళ్లు దొరకరులే" అంది ఎమ్లైన్. ఇసావో పడవ వెనక భాగంలో నీళ్ల పీపాకి తల ఆనించి పడుకుని కళ్లు మూసుకున్నాడు.

రెండు ద్వీపాల మధ్య అలల ముడులు ఒక వరసలో ఉంటాయి. దాన్ని వెన్నుపూస అంటారు. కడుపుతో ఆ ముడులను తడుముకుంటూ పోతే ఎదుటి ద్వీపం దొరుకుతుంది. మధ్యాహ్నానికి మబ్బు కమ్మి సూర్యుడు కనబడకుండా పోయాడు. ఇక కడుపే దిక్కు. అంతలోనే తగిలింది. ఒక కుదుపు, కాస్త విరామం, మళ్లీ కుదుపు.

"వెన్నుపూస మీదే ఉన్నాం" అంది గట్టిగా, మామయ్యకి వినబడేలా. ఆయన ముఖం ప్రశాంతంగానే ఉంది.

కాసేపు ఆమెకి ఎంత హాయిగా అనిపించిందో. పటంలో ఉన్నట్టే, తను అనుకున్న వేళకే ముడులు వచ్చాయి. తర్వాత ఎందుకో ఆ హాయే ఆమెని గుచ్చడం మొదలుపెట్టింది. నీకెలా తెలుసు? మామయ్య నోరు మూసుకునే ఉన్నాడు. అడిగింది తనే.

కడుపుకి తగిలింది. తగిలిందా, తగలాలని పొద్దున్నుంచీ కూర్చున్నావా? పైగా ఆ కుదుపులు లెక్క పెట్టినట్టు వస్తున్నాయి. సముద్రం ఇంత లెక్కగా ఎప్పుడు వచ్చింది?

"తెరచాప దించు" అంది.

"ఏమైంది?"

"ఎక్కడున్నామో నాకు తెలీదు."

"ఇప్పుడేగా వెన్నుపూస మీద ఉన్నాం అన్నావు?"

"అన్నాను. ఎలా తెలిసిందో చెప్పలేకపోతున్నాను."

"నువ్విక్కడ కూర్చుని ఆలోచిస్తుంటే ఔర్ ఈదుకుంటూ రాదు అక్కా. పొద్దు పోతోంది" అన్నాడు బిలిమోన్.

ఇసావో కళ్లు తెరిచాడు. ఆయన కనుబొమలు ముడిపడటం చూసి ఎమ్లైన్‌కి ఏడుపొచ్చినంత పనైంది. అయినా పడవ అడుగున వెల్లకిలా పడుకుంది. కుదుపు అలాగే ఉంది. ముందుకు పాకి పడుకుంది. అక్కడ కుదుపు తగ్గింది. సముద్రపు ముడి అయితే ముందూ వెనకా ఒకేలా ఉండాలి. పొద్దున లేనిది ఇప్పుడు పడవలో ఏముంది? బిలిమోన్ మూడుసార్లు ముఖం కడుక్కున్నాడు. నిండుగా ఉన్న పీపా ఇప్పుడు సగానికి వచ్చింది, లోపల నీళ్లు అటూ ఇటూ కొట్టుకుంటున్నాయి.

"మామయ్యా, కాస్త తల తియ్యండి. తమ్ముడూ, ఆ నీళ్లు పారబొయ్యి."

"తాగే నీళ్లక్కా!"

"బోండాలున్నాయిగా. పొయ్యి."

పీపా ఖాళీ అయింది. కుదుపు పోయింది. ముడీ లేదు, వెన్నుపూసా లేదు. కుడి తుంటి కింద తూర్పు అల ఒక్కటే, పొడుగ్గా, నెమ్మదిగా ఎత్తి దించుతోంది. చాలాసేపు అలాగే పడుకుంటే ఎడమ నుంచి సన్నగా ఇంకోటి తెలిసింది. పటంలో వెన్నుపూసకి పడమట గీసి ఉండే అల అది. ప్రవాహం వాళ్లని పడమటికి ఈడ్చేసిందన్నమాట.

గాలికి ఎదురుగా తూర్పుకి మళ్లి దాదాపు రెండు గంటలు కొట్టుకున్నారు. అప్పుడు తగిలాయి అసలు ముడులు, ఒకటి గట్టిగా, ఒకటి లేనట్టుగా, లెక్కా పత్రం లేకుండా. ఎమ్లైన్ ఈసారి పైకి ఏమీ అనలేదు. సాయంత్రానికి పిట్టలు గూటికి తిరిగిపోతూ కనబడ్డాయి. వాటి వెనకాలే ఔర్ కొబ్బరి చెట్ల తలలు తేలాయి.

ఒడ్డున ఆడవాళ్లు "యక్వే, యక్వే" అని స్వాగతం చెబుతూ పూలదండలు వేసి, పులియబెట్టిన సీమపనస ముద్దలు చేతిలో పెట్టారు. ఇసావో మొద్దుబారిన కాళ్లు ఈడ్చుకుంటూ వచ్చి ఆమె పక్కన ఇసుకలో కూలబడ్డాడు. పొద్దున్నుంచి ఆయన నోరు తెరవడం అదే మొదలు.

"ద్వీపాల పెద్దకి కబురు పంపుతాను. విద్య నీది."

ఆమె తల వంచుకుని కళ్లు తుడుచుకుంది.

"నువ్వు తెరచాప దించమన్నప్పుడు, పిల్ల జడుసుకుంది, అంతా పోయిందనుకున్నాను" అన్నాడాయన. "నేనూ వెన్నుపూస మీదే ఉన్నామనుకున్నానే. ఆ పీపా మీదే తల పెట్టుకుని. నోరు విప్పడానికి నాకు వీలుంటే, అలాగే పోనిమ్మనేవాణ్ణి."

బిలిమోన్ నవ్వబోయి, ముసలాయన ముఖం చూసి మానేశాడు.

ఇసావో దగ్గరికి జరిగాడు. "అది పీపా అని నీకెలా తెలుసు?"

రెండేళ్లుగా వింటున్న మాటే. అడిగి ఆయన ఎప్పటిలా కొబ్బరి గీక్కోలేదు. చేతులు ఒళ్లో పెట్టుకుని, ఆమె ముఖంలోకి చూస్తూ జవాబు కోసం కూర్చున్నాడు.

"మొదట నాకూ తెలీలేదు మామయ్యా" అని ఎమ్లైన్ మొదలుపెట్టింది.