పిడికి ఉద్వాసన

నేను ఒక ఇత్తడి పిడిని. జానెడు పొడవు, వీశెడు బరువు. నన్ను కిందికి తిప్పితే తలుపుకు పైనా కిందా ఉన్న ఇనుప గడియలు చట్రంలో కూర్చుంటాయి. పైకి తిప్పితే విడివడతాయి. ఈ సృష్టిలో నాకు అప్పగించిన కార్యం ఇంతే.

శ్రీకాకుళం దాపున ఒక కంచరి నన్ను మట్టిమూసలో పోశాడు. చల్లారాక చేతిలోకి తీసుకుని, "పట్టుకోడానికి బాగుంది" అన్నాడు. తరువాతి కాలంలో నేను విన్న స్తోత్రాలన్నిటిలోనూ సత్యానికి దగ్గరగా ఉన్నది ఆ ఒక్క మాటే. మొదట కొన్నేళ్లు రేవులో ఒక గోనెసంచుల గిడ్డంగిని కాశాను. దానిని పడగొట్టినప్పుడు ఒక గుత్తేదారు నన్ను ఊడదీసి, సముద్రపు ఒడ్డున జాలరిపేటలో కొత్తగా కట్టిన తుఫాను షెల్టరు తలుపుకు లోపలివైపు బిగించాడు. ఆ తలుపు నిలువెత్తు ఇనుపరేకు, తూర్పుముఖం.

ఏడేళ్ల క్రితం వచ్చిన గాలివానకు గడియలు అదిరి, నేను పైకి లేవబోయాను. అప్పుడు పేట పెద్ద మైలపల్లి కామయ్య రెండు చేతులా నన్ను పట్టి వేలాడి, "గంగమ్మ తల్లీ, ఈ గండం గట్టెక్కించు, నీకు పూజ సేత్తాను" అని మొక్కుకున్నాడు. ఒక పూటంతా నన్ను వదలలేదు. గాలి తగ్గింది. తలుపును ఆపినది ఆయన భుజబలం; కీర్తి నాకు దక్కింది. మనుష్యులకు తమ చేతులమీద కంటె చేతిలోని వస్తువుమీద నమ్మకం ఎక్కువ.

మరునాడే కామయ్య గంగమ్మను నాలోకి ఆవాహన చేశాడు. నాకు పసుపు పూశారు, కుంకుమ పెట్టారు. ప్రతి శుక్రవారం కొబ్బరినీళ్లు పోసి కర్పూరం వెలిగించారు. అమ్మవారిని పట్టి తిప్పడం అపచారమని, తలుపును సగం తెరిచి రాయి అడ్డుపెట్టారు. ఏడేళ్లు నన్నెవరూ తిప్పలేదు. పసుపుముద్దా, కొబ్బరినీళ్లూ, ఉప్పుగాలీ కలిసి నా కీలులో గట్టిపడ్డాయి. లోపలి ఇనుపకడ్డీ తుప్పు పట్టింది. భక్తి పెరిగినకొద్దీ నేను పనికిమాలినదాన్నయ్యాను.

షెల్టరు కాపలా సూరాడ దానమ్మది. ఆమెకు సంగతి తెలుసు. సర్కారు కార్యాలయం చుట్టూ తిరిగి కొత్త స్టీలు పిడి తెప్పించింది. కామయ్య బిగించనివ్వలేదు. అది ఆరు నెలలుగా అట్టపెట్టెలోనే ఉంది.

ఇంతలో మళ్లీ తుఫాను హెచ్చరిక వచ్చింది. తెల్లవారేసరికి పేటంతా మూటాముల్లెలతో షెల్టరు చేరింది. మధ్యాహ్నానికి గాలి తీరం తాకుతుందన్నారు. తలుపు మూయబోతే నేను కదలలేదు. దానమ్మ పట్నంనుంచి పిలిపించిన వెల్డరు రెహమాను స్పానరు తీసేసరికి కామయ్య నాకూ అతనికీ నడుమ నిలబడ్డాడు.

"ఏటే దానమ్మా, అమ్మోరిమీద ఇనుము ఎడతావేటే?"

"గడియ పడకపోతే లోపలున్న రెండొందలమందీ ఏటవుతారు మావా?"

"అమ్మ సూసుకుంటాది."

"అమ్మే సూసుకున్నప్పుడు నువ్వెందుకు ఏలాడేవు అప్పుడు?"

ఎవరో నవ్వారు. కామయ్య నవ్వలేదు. దానమ్మ ధ్యాస అంతా బయటి మెట్లమీద ఉంది. అక్కడ ఆమె కోడలు గోనెపట్టా కప్పుకుని, తొమ్మిది రోజుల పసిగుడ్డును పొట్టకు అదుముకుని, వానలో నిలబడింది. పురిటిమైల తీరలేదు, అమ్మవారున్న గడప దాటరాదని ముసలమ్మలు ఆపేశారు. నాపేరుమీద జరుగుతున్న ఆ ఘోరానికి నేను మూగసాక్షిని.

దానమ్మ కొంగు నడుముకు దోపింది.

"మావా, ఇనాయకుడు పెద్దోడా, ఈ పిడి పెద్దదా?"

"అదేటి మాట?"

"ఆ సామినే తొమ్మిదోనాడు 'ఎల్లిరా' అని సాగనంపుతాం. కదిపేక అది మట్టే గదా. మరి ఈయమ్మని పిలిసేవు, కూసోబెట్టేవు. ఏడేళ్లయింది, ఎల్లిరా తల్లీ అని ఒక్కపాలీ సెప్పేవా? ఆయమ్మకి ఇల్లూ వాకిలీ లేవేటి?"

ఆవాహన చేసినవాడే ఉద్వాసన చెప్పాలి, చెప్పకపోతే దోషం. ఈ సంగతి శాస్త్రం చదివినవారి కంటె ఆ పామరస్త్రీకే సమయానికి స్ఫురించింది.

"పిలిసినోడివి నువ్వే, పంపాల్సినోడివీ నువ్వే. బేగి కానీ."

ఆయన చెంబుతో నీళ్లు తెచ్చి నామీద చిలకరించాడు. ఒక మందారం పెట్టాడు. "తప్పులుంటే కాయి తల్లీ, నీ సోటికి నువ్వెళ్లు" అన్నాడు. ఇక కదపాలి, కదపనిదే ఉద్వాసన పూర్తికాదు. ఆయన వేలితో నెట్టాడు. నేను కదలలేదు. అరచేత్తో నెట్టాడు. చివరికి రెండు చేతులా పట్టి, ఒళ్లంతా ఊపి లాగాడు. లోపలి కడ్డీ ఫెళ్లున విరిగి, నేను ఆయన చేతిలోకి ఊడివచ్చాను.

కామయ్య నన్ను తిరగేసి చూశాడు. "ఇత్తడే" అన్నాడు, తనలో తాను.

రెహమానుకు విరిగిన ముక్కను సుత్తితో అవతలికి కొట్టి, కొత్త పిడి బిగించడానికి పావుగంట పట్టింది. ఈలోగా కోడలు బిడ్డతో లోపలికి వచ్చింది. ఏ ముసలమ్మా అడ్డుచెప్పలేదు. దానమ్మ రాయి తన్ని తలుపు మూసి, పిడి కిందికి తిప్పింది. గడియలు రెండూ చట్రంలో కూర్చున్నాయి. కాసేపటికే గాలి వచ్చి తలుపుమీద పడింది. సాయంత్రందాకా కొట్టింది. తలుపు అదిరింది గాని తెరుచుకోలేదు. నేను రెహమాను సంచిలో మరమేకుల మధ్య పడి ఉన్నాను.

ఉద్వాసన చెప్పినప్పుడు నాలోంచి ఏదీ వెళ్లిపోలేదు. సర్వాంతర్యామి ఒకచోటికి కొత్తగా రావడమూ లేదు, పోవడమూ లేదు. దిగిన బరువు మాత్రం కామయ్య భుజాలది. రేపు పట్నంలో నన్ను కరిగిస్తారట. గంట అవుతానో, గరిటె అవుతానో నేను అడగలేదు.

గాలి సద్దుమణిగాక దానమ్మ తలుపు పక్కన నిలబడి కొత్త నియమం పెట్టింది: బయటికి పోయే ప్రతివారూ స్వహస్తాలతో పిడి తిప్పి, తలుపు తెరిచి, మళ్లీ మూసి చూపాలి. పిల్లలు పోటీపడి తిప్పారు. ముసలమ్మలు గొణుక్కుంటూ తిప్పారు. కామయ్య వంతు వచ్చింది. ఆయన అలవాటుగా చేతులు జోడించబోయాడు.

"దండం తరవాతెట్టుకో మావా," అంది దానమ్మ, "ముందు తిప్పు."

ఆయన తిప్పాడు.